ఐస్ హాకీ గోలీ కెరీర్: తరచుగా అడిగే ప్రశ్నలు

ఐస్ హాకీ కొత్తగా చూసేవాళ్ల కళ్లు మొదట్లో పక్ వెంటే పరుగెత్తుతాయి. కొన్ని మ్యాచ్‌లు అయ్యాక, నెట్ ముందు మోకాళ్లు వంచి నిలబడ్డ ఆ బరువైన వేషం మనిషి, అంటే గోలీ (గోల్‌కీపర్) మీదికి మళ్లుతాయి. అక్కణ్ణుంచి ప్రశ్నలు మొదలవుతాయి. ఇన్నేళ్లుగా అడిగేవాళ్లు మారుతున్నారు కానీ ప్రశ్నలు దాదాపు అవే. అందుకే వాటిని ఒకచోట చేర్చి, కెరీర్‌లో ఏ దశలో వచ్చే సందేహాన్ని ఆ దశ కింద పెట్టాను. ఎక్కణ్ణుంచైనా చదువుకోవచ్చు. ఎన్‌హెచ్‌ఎల్ అంటే నేషనల్ హాకీ లీగ్, అమెరికా, కెనడాల్లో 32 జట్లతో నడిచే పెద్ద లీగ్.

## మొదలుపెట్టేటప్పుడు

నెట్‌కి అడ్డంగా నిలబడటమే కదా, అందులో అంత కష్టం ఏముంది?

నెట్ వెడల్పు 6 అడుగులు, ఎత్తు 4 అడుగులు. పక్ గట్టి రబ్బరు బిళ్ల, 3 అంగుళాల వ్యాసం, అంగుళం మందం. మంచు మీద ఎగరకుండా సాఫీగా జారాలని ఆటకి ముందు దాన్ని ఫ్రీజర్‌లో పెట్టి గట్టిపరుస్తారు. బ్లూ లైన్ (మంచు మీద అడ్డంగా గీసిన నీలి గీత) దగ్గర్నుంచి గంటకి 160 కిలోమీటర్ల వేగంతో కొడితే అది నెట్ చేరడానికి అర సెకను కూడా పట్టదు. అందులో సగం కన్ను చూసి మెదడు తేల్చుకోవడానికే పోతుంది. కాబట్టి గోలీ పక్ బయల్దేరాక కదిలేవాడు కాదు. కొట్టేవాడి స్టిక్ ఏ కోణంలో ఉంది, పక్కన పాస్ అందుకోవడానికి ఎవరున్నారు అన్నది చూసుకుని ముందే సరైన చోటికి చేరతాడు. చేరాక పక్ వచ్చి అతనికే తగులుతుంది. టీవీలో పదేపదే చూపించే, ఒళ్లంతా గాల్లోకి విసిరి ఆపిన సేవ్‌లు చాలావరకు ఆ చోటికి ఆలస్యంగా చేరినవాడి తిప్పలే. గోలీ కోచ్‌లు మెచ్చుకునేది ఏమీ జరగనట్టు కనిపించే సేవ్‌ని.

బాగా లావుగా ఉన్న మనిషిని కూర్చోబెడితే నెట్ మొత్తం నిండిపోతుంది కదా?

ఈ ప్రశ్న రాని ఏడాది లేదు! నెట్ విస్తీర్ణం 24 చదరపు అడుగులు. ఎంత భారీ మనిషైనా మూలలు ఖాళీగా మిగులుతాయి, ఈ స్థాయి ఆటగాళ్లకి ఆ మూలలు చాలు. అసలు చిక్కు అది కూడా కాదు. పక్ ఒకచోట ఉండదు. కుడివైపు నుంచి ఎడమవైపుకి ఒక్క పాస్ వెళ్తే గోలీ అర సెకనులో నెట్ ఈ చివర నుంచి ఆ చివరకి జరగాలి, మోకాళ్ల మీద పడి లేవాలి, మళ్లీ జరగాలి. ఇలా 60 నిమిషాలు. పోనీ శరీరం బదులు సామాను పెద్దది చేసుకుందామంటే దానికీ కొలతలున్నాయి. కాలి ప్యాడ్ వెడల్పు 11 అంగుళాలు దాటకూడదు. 2005కి ముందు 12 ఉండేది. ఆ తర్వాత ప్యాంటు, ఛాతీ కవచం కూడా ఒంటికి సరిపడా మాత్రమే ఉండాలని నియమాలు బిగించారు.

ఏ వయసులో గోలీ అవ్వాలని తేల్చుకోవాలి?

చిన్న పిల్లల జట్లలో అందర్నీ వంతులవారీగా నెట్‌లో నిలబెడతారు, అది మంచి పద్ధతి. పది పన్నెండేళ్లకి స్థిరపడినా ఏమీ పోదు. అప్పటిదాకా నేర్చుకోవాల్సింది స్కేటింగ్. జట్టులో స్కేటింగ్ బాగా రానివాణ్ణి నెట్‌లో పెట్టే అలవాటు ఒకప్పుడు ఉండేది కానీ ఇప్పటి ఆటకి అది పూర్తిగా తలకిందుల పద్ధతి.

నేను పొట్టి. నాకు అవకాశం ఉందా?

సూటిగా చెప్పాలంటే, తక్కువ. ఎన్‌హెచ్‌ఎల్ గోలీల్లో ఎక్కువమంది 6 అడుగుల 2 అంగుళాలు, ఆ పైనే. బెన్ బిషప్ 6 అడుగుల 7 అంగుళాల మనిషి. కారణం బటర్‌ఫ్లై పద్ధతి. రెండు మోకాళ్లూ మంచుకి ఆనించి, కాళ్లు రెండువైపులా రెక్కల్లా పరిచి నెట్ కింది భాగం మూసేస్తారు. అలా కిందికి దిగాక కూడా భుజాలు పైభాగాన్ని కప్పాలంటే ఎత్తు కావాలి. అయినా నాష్‌విల్ గోలీ యూసె సారోస్ 5 అడుగుల 11 అంగుళాలే. చురుకైన కాళ్లు, పక్ ఎటు పోతుందో ముందే పసిగట్టడం, దానికి ఎదురెళ్లి కోణం మూసేయడం అతని బలం. పొట్టివాడు నెగ్గాలంటే పొడుగువాడి కంటే స్పష్టంగా మెరుగ్గా ఉండాలి. సమానంగా ఉంటే స్కౌట్లు (జట్ల కోసం ఆటగాళ్లని వెతికేవాళ్లు) పొడుగువాడినే రాసుకుంటారు.

నాది ఎడమచేతి వాటం. గ్లవ్ ఏ చేతికి వేసుకోవాలి?

ఎక్కువమంది ఎడమచేతికి పట్టుకునే గ్లవ్, కుడిచేతికి బ్లాకర్ (పక్‌ని అడ్డుకునే పలక లాంటి గ్లవ్), స్టిక్ పెట్టుకుంటారు. దీనికి అడ్డంగా, కుడిచేత్తో పట్టుకునేవాళ్లు కొద్దిమంది. ఎడ్మంటన్‌కి ఆడి 5 స్టాన్లీ కప్‌లు (ఎన్‌హెచ్‌ఎల్ విజేతకిచ్చే కప్) గెలిచిన గ్రాంట్ ఫ్యూర్ అలా ఆడినవాడే. కొట్టేవాళ్ల కళ్లు మామూలు గ్లవ్ వైపుకి అలవాటు పడి ఉంటాయి కాబట్టి అదొక చిన్న లాభం. బంతి విసిరితే అసంకల్పితంగా ఏ చెయ్యి ముందుకొస్తుందో ఆ చేతికే గ్లవ్ వేసుకోండి.

ఒకప్పుడు మాస్క్ లేకుండానే ఆడేవాళ్లట, నిజమేనా?

నిజమే. 1930లో క్లింట్ బెనెడిక్ట్ ముఖానికి గాయమై కొన్ని మ్యాచ్‌లకి తోలు మాస్క్ పెట్టుకున్నాడు, తర్వాత తీసేశాడు. అసలు మార్పు 1959 నవంబరు 1న న్యూయార్క్‌లో వచ్చింది. ఆండీ బాత్‌గేట్ కొట్టిన పక్ మాంట్రియల్ గోలీ జాక్ ప్లాంట్ ముఖాన్ని చీల్చింది. కుట్లు వేయించుకుని వచ్చిన ప్లాంట్, మాస్క్ పెట్టుకుంటేనే మళ్లీ మంచు మీదికి వెళ్తానన్నాడు. మాస్క్‌తో కిందికి చూపు ఆనదని, అది పిరికితనమని అనుకునే కాలం అది. పైగా అప్పట్లో బెంచి మీద మరో గోలీ కూడా ఉండేవాడు కాదు. కోచ్ టో బ్లేక్‌కి ఇష్టం లేకపోయినా ఒప్పుకోక తప్పలేదు. ఆ మ్యాచ్ మాంట్రియల్ గెలిచింది, ప్లాంట్ మాస్క్ తియ్యలేదు. అయినా మిగతా అందరూ మారడానికి ఇంకో పదిహేనేళ్లు పట్టింది. ఎన్‌హెచ్‌ఎల్‌లో మాస్క్ లేకుండా ఆడిన చివరి గోలీ ఆండీ బ్రౌన్, 1974లో.

## జూనియర్ స్థాయి, డ్రాఫ్టు

ప్రొఫెషనల్ అవ్వడానికి దారి ఏది?

దారులు మూడు. కెనడాలో పదహారు నుంచి ఇరవై ఏళ్ల కుర్రాళ్లు ఆడే మూడు పెద్ద జూనియర్ లీగులున్నాయి, వాటికి కలిపి సీహెచ్‌ఎల్ అని పేరు. మ్యాచ్‌లు ఎక్కువ, బస్సు ప్రయాణాలు ఇంకా ఎక్కువ. రెండోది అమెరికన్ కాలేజీ హాకీ. మ్యాచ్‌లు తక్కువ, జిమ్‌కీ ప్రాక్టీస్‌కీ టైమ్ ఎక్కువ, పైగా చదువు చేతిలో ఉంటుంది. ఒకప్పుడు సీహెచ్‌ఎల్‌లో ఆడితే కాలేజీ తలుపు మూసుకుపోయేది, 2025 ఆగస్టు నుంచి ఆ అడ్డు తీసేశారు. మూడోది యూరప్. ఫిన్లాండ్, స్వీడన్, రష్యాల్లో క్లబ్బులే పిల్లల్ని చేర్చుకుని పెద్ద జట్టు దాకా తీసుకెళ్తాయి. గోలీకి నిదానంగా ఎదిగే టైమ్ కావాలి కాబట్టి కాలేజీ దారి బాగా నప్పుతుందని నాకనిపిస్తుంది. ఇందులో అందరూ నాతో ఏకీభవించరు.

అంత ముఖ్యమైన స్థానం అంటారు, మరి డ్రాఫ్టులో (ఎన్‌హెచ్‌ఎల్ జట్లు ఏటా వంతులవారీగా కుర్రాళ్లని ఎంచుకునే చోట) గోలీలని అంత ఆలస్యంగా ఎందుకు తీసుకుంటారు?

పద్దెనిమిదేళ్ల గోలీ ఎలా తయారవుతాడో ఎవరికీ అంతుపట్టదు కాబట్టి. ఫార్వర్డ్ ఆ వయసుకే తన ఆట చూపిస్తాడు. గోలీ శరీరం, ఓపిక, ఆటని చదవడం ఇరవై మూడు ఇరవై నాలుగు దాకా కుదురుకోవు. డొమినిక్ హాషెక్‌ని 1983లో 10వ రౌండులో తీసుకున్నారు. ఆ తర్వాత అతను ఉత్తమ గోలీకిచ్చే వెజినా ట్రోఫీ 6 సార్లు, లీగ్ మొత్తంలో అత్యంత విలువైన ఆటగాడికిచ్చే హార్ట్ ట్రోఫీ 2 సార్లు గెలిచాడు. ఇంకే గోలీ రెండుసార్లు హార్ట్ గెలవలేదు. 2000లో 205వ ఎంపిక హెన్రిక్ లుండ్‌క్విస్ట్. అదే డ్రాఫ్టులో మొట్టమొదటి ఎంపిక రిక్ డిపియెట్రో అనే గోలీ, అతని కెరీర్ గాయాలతో కుంగిపోయింది. కానర్ హెలబక్ టెక్సస్‌లోని ఒడెస్సాలో, స్కౌట్లు పెద్దగా తొక్కని లీగులో ఆడుతుండగా 2012లో 130వ ఎంపికగా వెళ్లి, 2025లో హార్ట్ ట్రోఫీ అందుకున్నాడు. మొదటి ఎంపికగా వెళ్లి మాట నిలబెట్టుకున్నవాడు 2003 నాటి మార్క్-ఆంద్రె ఫ్లూరీ. అలాంటివాళ్లు అరుదు. ఇదంతా చూసిన మేనేజర్లు మొదటి రౌండు ఎంపికని ఫార్వర్డ్ మీదో డిఫెన్స్‌మన్ మీదో పెట్టి, గోలీని నాలుగో రౌండులో లాటరీ టికెట్‌లా తీసుకుంటారు.

డ్రాఫ్టులో ఎవరూ తీసుకోకపోతే ఇక అంతేనా?

కాదు. సెర్గెయ్ బొబ్రొవ్‌స్కీని ఏ జట్టూ డ్రాఫ్ట్ చేయలేదు. 2010లో ఫిలడెల్ఫియా అతనితో నేరుగా సంతకం చేయించుకుంది, రెండేళ్లకి కొలంబస్‌కి ఇచ్చేసింది. కొలంబస్‌లో మొదటి సీజన్‌లోనే వెజినా గెలిచాడు, 2017లో ఇంకోటి. 2024, 2025లో ఫ్లోరిడా వరసగా రెండు స్టాన్లీ కప్‌లు గెలిచినప్పుడు నెట్‌లో ఉన్నది అతనే. డ్రాఫ్ట్ కాకపోతే ఒక లాభం కూడా ఉంది, ఏ జట్టులో ఖాళీ ఉందో చూసుకుని మీరే ఎంచుకోవచ్చు.

## కింది లీగుల్లో

ఫార్వర్డ్‌లు ఇరవై ఏళ్లకే స్టార్లవుతున్నారు, గోలీకి ఎందుకింత ఆలస్యం?

లెక్క చూడండి. ఎన్‌హెచ్‌ఎల్‌లో 32 జట్లు, జట్టుకి ఇద్దరు గోలీలు. మొత్తం 64 ఉద్యోగాలు. ఒక మ్యాచ్‌లో ఫార్వర్డ్‌లు 12 మంది ఆడతారు కాబట్టి కొత్త కుర్రాణ్ణి నాలుగో లైన్‌లో (వంతుకి ముగ్గురు దిగే ఫార్వర్డ్‌ల ఆఖరి గుంపులో) మ్యాచ్‌కి ఎనిమిది నిమిషాలు ఆడించి చూడొచ్చు. గోలీని ఎనిమిది నిమిషాలు ఆడించి చూడటం కుదరదు. ఇస్తే మ్యాచ్ మొత్తం ఇవ్వాలి, అతను తప్పు చేస్తే ఆ తప్పు స్కోరుబోర్డు మీద పడుతుంది. పైవాడు గాయపడాలి, ఫామ్ పోగొట్టుకోవాలి, లేదా వేరే జట్టుకి పోవాలి, అప్పటిదాకా మీరెంత బాగా ఆడినా కుర్చీ ఖాళీ కాదు. ఇందులో గోలీ చేతిలో ఉన్నది తక్కువ.

జోర్డన్ బినింగ్టన్ ఏళ్ల తరబడి కింది లీగుల్లోనే ఉన్నాడు. 2019 జనవరిలో సెయింట్ లూయీ జట్టు లీగ్ పట్టికలో అట్టడుగున ఉన్నప్పుడు, పోయేదేముందని అతన్ని నెట్‌లోకి దింపారు. అదే ఏడాది జూన్‌లో ఆ జట్టు స్టాన్లీ కప్ ఎత్తింది. కప్‌కి కావలసిన 16 విజయాలూ అతని ఖాతాలోనే పడ్డాయి, అంతకుముందు ఏ కొత్త గోలీకీ అది సాధ్యపడలేదు.

టూ-వే కాంట్రాక్ట్ అంటే ఏంటి?

ఒకే కాంట్రాక్టులో రెండు జీతాలు రాసి ఉంటాయి. పెద్ద జట్టుతో ఉన్న రోజులకి ఎన్‌హెచ్‌ఎల్ జీతం, కింది జట్టుకి పంపిన రోజులకి దానిలో కొంత భాగమే. కింది జట్టు అంటే ఎక్కువగా రెండో స్థాయి లీగైన ఏహెచ్‌ఎల్‌ది, ఇంకా కిందకైతే మూడో స్థాయి ఈసీహెచ్‌ఎల్‌ది. మూడో నంబరు గోలీ బతుకు ఈ రెండింటి మధ్య సూట్‌కేస్‌తో నడుస్తుంది. పొద్దున ఫోనొస్తే సాయంత్రం ఇంకో ఊళ్లో బెంచి మీద కూర్చోవాలి, ఆడకుండానే మూడు రోజులకి వెనక్కి రావాలి. ఇల్లు అద్దెకి తీసుకోవాలా వద్దా అన్నది కూడా టెన్షనే.

ముప్ఫై దాటాక పైకొచ్చినవాళ్లు ఉన్నారా?

ఉన్నారు, అందుకే చాలామంది వదిలెయ్యరు. టిమ్ థామస్‌ని 1994లో 217వ ఎంపికగా తీసుకున్నారు. ఫిన్లాండ్, స్వీడన్, కింది లీగులు అన్నీ తిరిగి, బోస్టన్‌లో స్థిరంగా ఆడటం మొదలుపెట్టేసరికి 31 ఏళ్లు. 2009లో, 2011లో వెజినా గెలిచాడు. 2011లోనే 37 ఏళ్ల వయసులో స్టాన్లీ కప్, ప్లేఆఫ్స్‌లో ఉత్తమ ఆటగాడి ట్రోఫీ కూడా. ఇంకా వెనక్కి వెళ్తే జానీ బవర్. కింది లీగుల్లో ఏళ్లకేళ్లు గడిపి, 1958లో దాదాపు 34 ఏళ్లకి టొరంటోలో కుదురుకుని, 4 కప్‌లు గెలిచి, 45 ఏళ్లకి చివరి మ్యాచ్ ఆడాడు.

ఉద్యోగం చేసుకునే మామూలు మనిషి ఎన్‌హెచ్‌ఎల్ మ్యాచ్ ఆడాడంటారు, కథేనా?

కథ కాదు. రెండు జట్లలో ఎవరికైనా ఇద్దరు గోలీలూ గాయపడితే ఆడటానికి ప్రతి రింక్‌లో ఒక అత్యవసర గోలీ సిద్ధంగా ఉండేవాడు. 2018 మార్చిలో షికాగోలో స్కాట్ ఫోస్టర్ అనే అకౌంటెంట్ చివరి 14 నిమిషాలు ఆడి, తన మీదికొచ్చిన 7 షాట్లూ ఆపేశాడు. 2020 ఫిబ్రవరి 22న టొరంటోలో ఇంకా విచిత్రం. 42 ఏళ్ల డేవిడ్ ఎయర్స్ మంచు చదును చేసే జాంబోనీ బండి నడిపిన మనిషి, కిడ్నీ మార్పిడి చేయించుకున్నవాడు. సొంత ఊరి జట్టుకి ఎదురుగా కరొలైనా తరఫున ఆడాల్సొచ్చింది. మొదటి రెండు షాట్లూ గోల్ అయ్యాయి. ఆ తర్వాతి 8 ఆపాడు, కరొలైనా 6–3తో గెలిచింది. ఇదొక అందమైన మినహాయింపు, కెరీర్ దారి మాత్రం కాదు.

## పెద్ద లీగులో

ఈరోజు ఏ గోలీ ఆడతాడో ముందే ఎలా తెలుస్తుంది?

కోచ్ చెప్పకపోయినా విలేకరులకి తెలిసిపోతుంది. మ్యాచ్ రోజు పొద్దున తేలికపాటి ప్రాక్టీస్ ఉంటుంది. ఆ రాత్రి ఆడబోయే గోలీ మామూలుగా మంచు దిగి ముందే వెళ్లిపోతాడు. బ్యాకప్, అంటే రెండో గోలీ, ఆఖరిదాకా ఉండి, ఆ రోజు జట్టులో చోటు దొరకని ఆటగాళ్ల షాట్లు ఎదుర్కొంటూ ఉంటాడు.

బ్యాకప్ గోలీ జీతం తీసుకుని కూర్చోవడమేనా?

బయటికి అలాగే కనిపిస్తుంది. టోపీ పెట్టుకుని బెంచి చివర కూర్చుని, ఆటగాళ్లు లోపలికీ బయటికీ వెళ్లేటప్పుడు తలుపు తీస్తుంటాడు. కానీ 80కి పైగా మ్యాచ్‌ల సీజన్‌ని ఇప్పుడు ఒక్కడే మోయడం లేదు. 1995-96లో గ్రాంట్ ఫ్యూర్ 79 మ్యాచ్‌లు ఆడాడు. 1955 నుంచి 1962 దాకా గ్లెన్ హాల్ వరసగా 502 మ్యాచ్‌లు ఆడాడు, అదీ మాస్క్ లేకుండా. ఈరోజుల్లో మొదటి గోలీ కూడా 60 దాటితే ఎక్కువే. వరసగా రెండు రాత్రులు మ్యాచ్‌లుంటే రెండోది ఎక్కువగా బ్యాకప్‌దే, సాధారణంగా పరాయి ఊళ్లో, అలిసిపోయిన జట్టు వెనకాల. రెండు వారాలు ఆడకుండా కూర్చుని, అలాంటి రాత్రి ఆడి, మళ్లీ పది రోజులు కూర్చోవడం. నన్నడిగితే ఈ ఆటలో అన్నిటికన్నా కష్టమైన ఉద్యోగం అదే.

సేవ్ పర్సెంటేజ్ .900, .920 అంటారు. అంత చిన్న తేడాకి అంత గొడవెందుకు?

వంద షాట్లలో 90 ఆపితే .900, 92 ఆపితే .920. మ్యాచ్‌కి 30 షాట్లు అనుకుంటే మొదటివాడు 3 గోల్స్ ఇస్తాడు, రెండోవాడు 2.4. చిన్నదిగానే ఉంది. కానీ 50 మ్యాచ్‌లకి 1500 షాట్లు. అప్పుడు 150 గోల్స్ ఒకచోట, 120 ఇంకోచోట. ఆ 30 గోల్స్‌తో జట్టు ప్లేఆఫ్స్‌కి వెళ్లడమో ఇంటికి పోవడమో తేలిపోతుంది. అయితే ఈ అంకె అన్ని షాట్లనీ ఒకేలా లెక్కేస్తుంది. దూరం నుంచి మెల్లగా వచ్చిందీ, నెట్ ముందు ఖాళీగా ఉన్నవాడు కొట్టిందీ దీనికి ఒకటే. అందుకే ఇప్పుడు ఒక్కో షాట్ గోలయ్యే అవకాశం ఎంతో అంచనా కట్టి, ఆ లెక్క కంటే గోలీ ఎన్ని గోల్స్ తక్కువ ఇచ్చాడో చూస్తారు. కాంట్రాక్ట్ బేరాల్లో ఆ కొలత మాట చెల్లుతోంది.

మ్యాచ్ మధ్యలో గోలీని తీసేస్తే అవమానంగా ఉండదా?

చాలాసార్లు తప్పు గోలీది కాదు, జట్టుని కుదిపి లేపడానికి కోచ్ చేసే పని అది. తెలివైన కోచ్ వీలైనంత త్వరగా తీసేస్తాడు. ఆలస్యమైతే ఏమవుతుందో 1995 డిసెంబరు 2న తేలింది. మాంట్రియల్‌లో డిట్రాయిట్ వరసగా గోల్స్ కొడుతుంటే పాట్రిక్ రువాని కోచ్ తొమ్మిదో గోల్ దాకా నెట్‌లోనే వదిలేశాడు. సొంత ప్రేక్షకులే వెటకారంగా చప్పట్లు కొట్టారు. బయటికొచ్చిన రువా బెంచి వెనక కూర్చున్న క్లబ్ అధ్యక్షుడి దగ్గరికి నేరుగా వెళ్లి, మాంట్రియల్‌కి ఇదే నా ఆఖరి మ్యాచ్ అని చెప్పేశాడు. నాలుగు రోజులకి కొలరాడోకి వెళ్లిపోయాడు. ఆ సీజన్ చివర్లో కొలరాడో కప్ గెలిచింది.

గోలీ గోల్ కొట్టొచ్చా? కెప్టెన్ అవ్వొచ్చా?

గోల్ కొట్టొచ్చు. ఎదుటి జట్టు తమ గోలీని తీసేసి అదనపు ఆటగాణ్ణి దింపినప్పుడు నెట్ ఖాళీగా ఉంటుంది, అప్పుడే ఆశ. ఎన్‌హెచ్‌ఎల్‌లో గురిచూసి కొట్టిన మొదటి గోలీ రాన్ హెక్స్‌టాల్, 1987లో. కెప్టెన్‌గా మాత్రం నియమం ఒప్పుకోదు. రిఫరీతో మాట్లాడటానికి మాటిమాటికీ నెట్ వదిలి వస్తే ఆట ఆగిపోతుందని 1948లో ఆపేశారు. రొబెర్టో లువాంగోకి వాంకూవర్ 2008లో ఆ పదవి ఇచ్చింది కానీ జెర్సీ మీద కెప్టెన్ గుర్తు పెట్టుకోనివ్వలేదు. మాస్క్ మీద వేయించుకున్నాడు.

అమ్మాయిలకి ఇందులో కెరీర్ ఉందా?

ఇప్పుడుంది. 1992 సెప్టెంబరులో మనోన్ రెయోమ్ టాంపా బే తరఫున సీజన్ ముందు మ్యాచ్‌లో నెట్‌లో నిలబడి, ఎన్‌హెచ్‌ఎల్ జట్టుకి ఆడిన మొదటి మహిళ అయింది. కానీ ఆ తర్వాత చాలాకాలం మహిళా గోలీలకి ఒలింపిక్స్ తప్ప బతుకుతెరువునిచ్చే లీగ్ లేదు. వేరే ఉద్యోగం చేసుకుంటూ ఆడినవాళ్లే ఎక్కువ. 2024 జనవరిలో పీడబ్ల్యూహెచ్‌ఎల్ అనే మహిళల ప్రొఫెషనల్ లీగ్ మొదలైంది, అప్పటి కనీస జీతం ఏడాదికి 35,000 డాలర్లు. పురుషుల లీగ్‌తో పోలిస్తే చాలా తక్కువే. 6 జట్లతో మొదలై రెండేళ్లలో 8 అయ్యాయి. ఒక్కో కొత్త జట్టుతో గోలీ కుర్చీలూ పెరుగుతున్నాయి.

## డబ్బు

ఎన్‌హెచ్‌ఎల్ గోలీకి ఎంత వస్తుంది?

2025-26లో ఎవరికైనా కనీస జీతం 7.75 లక్షల డాలర్లు. పై చివరన ఇగోర్ షెస్టెర్కిన్. న్యూయార్క్ రేంజర్స్‌తో 8 ఏళ్లకి 9.2 కోట్ల డాలర్లు, అంటే ఏడాదికి 1.15 కోట్లు. అంతకుముందు కేరీ ప్రైస్ 8.4 కోట్లకి సంతకం చేశాడు. ఈ మొత్తాల్లోంచి పన్ను, ఏజెంట్ కమీషన్ పోతాయి. ఈ అంకెలు చూసి గోలీలంతా కోటీశ్వరులనుకోవద్దు. ఏహెచ్‌ఎల్‌లో ఉన్నవాళ్ల జీతం వీటితో పోల్చదగ్గది కాదు, ఈసీహెచ్‌ఎల్‌లో అయితే వారం జీతం మీద బతకాలి.

గోలీకి ఎక్కువ ఏళ్ల కాంట్రాక్ట్ ఇవ్వడం తప్పంటారెందుకు?

న్యూయార్క్ ఐలాండర్స్ 2006లో రిక్ డిపియెట్రోకి 15 ఏళ్లకి 6.75 కోట్ల డాలర్ల కాంట్రాక్ట్ ఇచ్చింది. తుంటి, మోకాలు, తలకి గాయాల మీద గాయాలు. 2013లో అతన్ని వదిలించుకుంది. ఆ పరిష్కారం కింద 2029 దాకా ఏటా 15 లక్షల డాలర్లు చెల్లిస్తూ ఉండాలి. ఇప్పుడు అన్నేళ్లు ఇవ్వడం నియమాలే ఒప్పుకోవు. అయినా మిగతా ప్రమాదం ఉంది. జట్టు జీతాలకి మొత్తం మీద పరిమితి ఉంటుంది కాబట్టి గోలీకి ఎక్కువిస్తే అతని ముందు నిలబడే డిఫెన్స్‌మెన్‌కి తక్కువ మిగులుతుంది. గోలీ ఫామ్ ఏడాదికొకలా ఊగుతుంది. నా దృష్టిలో కాంట్రాక్ట్ పెద్దదవడం తప్పు కాదు, గడిచిన ఒక్క సీజన్ చూసి పెద్దది చేయడం తప్పు.

## గాయాలు, భయం

పక్ తగిలి దెబ్బలు తగలవా?

తగులుతాయి కానీ కెరీర్లు ఎక్కువగా పోయేది అక్కడ కాదు, తుంటి దగ్గర. బటర్‌ఫ్లైలో మోకాళ్లు లోపలికి, పాదాలు బయటికి తిరుగుతాయి. తుంటి కీలు అలా తిరగడానికి పుట్టింది కాదు. రోజూ వందలసార్లు అదే కదలిక చేస్తే ఎముక ఎముకని రాసుకుని, కీలు చుట్టూ ఉండే మృదులాస్థి చిరుగుతుంది. ఎదిగే వయసులో మొదలైతే ఎముక ఆకారమే మారొచ్చు. అందుకే పిల్లలకి ఏడాది పొడవునా గోలీ క్యాంపులు పెట్టొద్దనేవాళ్ల మాట వినదగ్గది. బోస్టన్ గోలీ టూక రాస్క్ 2021లో తుంటి ఆపరేషన్ చేయించుకుని, తిరిగొచ్చి 4 మ్యాచ్‌లు ఆడి, 34 ఏళ్లకే ఆపేశాడు. కేరీ ప్రైస్‌ని మోకాలు ఆపేసింది, 2022 ఏప్రిల్ తర్వాత అతను ఆడలేదు.

స్కేట్ బ్లేడు మెడకి తగిలితే?

1989 మార్చిలో బఫలో గోలీ క్లింట్ మలార్‌చుక్‌కి అదే జరిగింది. బ్లేడు మెడలోని రక్తనాళాన్ని కోసింది. వియత్నాం యుద్ధంలో వైద్య సహాయకుడిగా పనిచేసిన జట్టు ట్రైనర్ జిమ్ పిజుటెల్లి వేళ్లతో నొక్కి పట్టుకుని బతికించాడు. మలార్‌చుక్ కొద్దిరోజుల్లోనే మళ్లీ ఆడాడు. ఒంటి గాయం మానింది కానీ మనసుది మానడానికి చాలా ఏళ్లు పట్టింది, ఆ సంగతి అతనే బహిరంగంగా చెబుతూ వచ్చాడు. గోలీ మాస్క్ కింద వేలాడే కవచం, మెడకి కోతని తట్టుకునే పట్టీ, ఈ రెండూ పెట్టుకోవాలి. 2026-27 నుంచి ఎన్‌హెచ్‌ఎల్‌లోకి కొత్తగా వచ్చేవాళ్లకి మెడ రక్షణ తప్పనిసరి.

అందరి కళ్లూ తన మీదే ఉంటే గోలీకి టెన్షన్ ఎలా తట్టుకోవడం?

తట్టుకోలేనివాళ్లలో మహామహులున్నారు. గ్లెన్ హాల్ మ్యాచ్‌లకి ముందు వాంతి చేసుకునేవాడు, అది అతని దినచర్యలో భాగమైపోయింది. పాట్రిక్ రువా గోల్ స్తంభాలతో మాట్లాడేవాడు. ఇవి వినడానికి సరదాగా ఉంటాయి. వీటి వెనకున్నది మాత్రం సరదా కాదు. ఫార్వర్డ్ తప్పు చేస్తే ఇంకో నలుగురు సర్దుతారు, గోలీ తప్పు చేస్తే ఎర్ర లైటు వెలుగుతుంది, హారన్ మోగుతుంది. గోల్ పడిన వెంటనే మాస్క్ ఎత్తి నీళ్లు తాగడం చూస్తుంటారు కదా, అది దాహానికే కాదు. జరిగింది అక్కడే వదిలేయడానికి చాలామంది పెట్టుకున్న గుర్తు. రాబిన్ లేనర్ 2018లో తన వ్యసనం, బైపోలార్ డిజార్డర్ గురించి బయటికి చెప్పాడు, మరుసటి సీజన్‌లో అద్భుతంగా ఆడాడు. 2021లో కేరీ ప్రైస్ లీగ్ సహాయ కార్యక్రమంలో చేరాడు. సాయం అడిగితే కుర్చీ పోతుందన్న భయం గోలీల్లో ఇంకా పూర్తిగా పోలేదు, ఎందుకంటే ఆ కుర్చీ కోసం వెనక ఎప్పుడూ ఒకడు సిద్ధంగా ఉంటాడు.

## చివరి ఏళ్లు, ఆ తర్వాత

గోలీ ఎన్నేళ్ల దాకా ఆడగలడు?

తుంటి సహకరిస్తే నలభై దాకా. ఫ్లూరీ 40 ఏళ్లకి, 2025లో ఆపాడు, అప్పటికి 575 విజయాలు. అందరికన్నా ఎక్కువ మార్టిన్ బ్రొడర్‌వి: 691 విజయాలు, ఒక్క గోల్ కూడా ఇవ్వని మ్యాచ్‌లు 125. వయసుతో చేతివేగం తగ్గినా ఆటని చదవడం పెరుగుతుంది కాబట్టి కొంతకాలం లెక్క సరిపోతుంది. ముందుగా తెలిసేది పక్కకి జరగడంలో, ఒక స్తంభం నుంచి ఇంకో స్తంభానికి చేరడం కొద్దిగా ఆలస్యమవుతుంది. అప్పుడు మొదటి గోలీ బ్యాకప్ అవుతాడు. కుర్రవాడికి పెద్దదిక్కుగా ఉంటూ ఇరవై మ్యాచ్‌లు ఆడటానికి ఒప్పుకోగలిగితే ఇంకో మూడు నాలుగేళ్లు దొరుకుతాయి. ఆ మెట్టు దిగడం ఇష్టంలేక వెళ్లిపోయినవాళ్లూ ఉన్నారు.

ఆపేశాక ఏం చేస్తారు?

కెన్ డ్రైడెన్ దారి ఎవరికీ దొరకదు. మాంట్రియల్‌లో 6 కప్‌లు గెలిచి, మధ్యలో ఒక సీజన్ మానేసి లాయర్ దగ్గర శిక్షణ పొంది, 31 ఏళ్లకే రిటైరై, తర్వాత కెనడా పార్లమెంటులో మంత్రి అయ్యాడు. రువా కోచ్ అయ్యాడు. హెక్స్‌టాల్ జనరల్ మేనేజర్‌గా చేశాడు. లువాంగో ఫ్లోరిడా యాజమాన్యంలో చేరాడు, లుండ్‌క్విస్ట్ టీవీలో విశ్లేషకుడు. ఆటంతా ఎదురుగా కనిపించే చోట ఇన్నేళ్లు నిలబడ్డవాళ్లకి దాని గురించి మాట్లాడటం తేలిగ్గా వస్తుంది. మిగతావాళ్లలో ఎక్కువమంది కోరుకునేది గోలీ కోచ్ పని. పిల్లల క్యాంపులతో మొదలుపెట్టి, జూనియర్ జట్టు, ఏహెచ్‌ఎల్, ఆ పైకి. అయితే ఎన్‌హెచ్‌ఎల్ జట్టు బెంచి దగ్గర కూడా గోలీ కోచ్ మామూలుగా ఒక్కడే. ఆ కుర్చీ ఖాళీ అయ్యేదాకా ఇక్కడా ఆగాల్సిందే.